పెట్టెలో మొదటి కార్డు

సుభాష్‌పల్లి, ఖరగ్‌పూర్
22-4-1974

అన్నయ్యకు,

ఇక్కడ అందరం క్షేమం అని మొదలుపెట్టాలి కాబట్టి పెడుతున్నాను. అమ్మ క్షేమం. గోల్ బజార్‌లో కొట్టు క్షేమం. నేను మాత్రం మండిపోతున్నాను.

నిన్న సాయంత్రం కాలేజీ నుంచి వస్తూ కొట్టు దగ్గర ఆగాను. ట్రాఫిక్ రైల్వే క్వార్టర్ల నుంచి సింహాచలమ్మ వచ్చి చింతపండు తూయించుకుంటోంది. నన్ను చూడగానే, "ఏటి గౌరమ్మా, మీ అన్నయ్య పెద్ద లెక్కేదో కనిపెట్టినాడంట గదా! మీ అమ్మ సెప్పినాది. మరి మిఠాయేదీ?" అంది. ఏ లెక్క అని అమ్మని అడిగాను. ఇంటికి తీసుకెళ్ళి దేవుడి గూట్లోంచి ఒక పుస్తకం తీసి చేతిలో పెట్టింది. హైదరాబాదులో మీ ఇంజనీర్ల సభవాళ్ళు అచ్చేసిన సంచిక. దానికి పసుపూ కుంకుమా కూడా పెట్టింది.

నీ వ్యాసం నిలబడే చదివాను. ఇనుప పలక మీద బరువు పడితే అది ఎక్కడ ఎంత వంగుతుందో చెప్పే సమీకరణం ఉంది, దాన్ని పలక మొత్తానికి ఒక్కసారిగా సాధించడం ఎవరి తరమూ కాదు, అందుకని పలకని చిన్న చిన్న త్రికోణపు ముక్కలుగా ఊహించుకుని, ఒక్కో ముక్కకీ లెక్క కట్టి, అన్నిటినీ కలిపి కంప్యూటర్ చేత సాధింపజేసే ప్రోగ్రాం "మేము తయారుచేశాము" అని రాశావు. ఎవరయ్యా ఆ మేము? నువ్వూ, వదినానా? యంత్రం చదువుకునే ఆ ప్రోగ్రాం కార్డుల మీద ప్రతి చిల్లూ నేను కొట్టింది. మూడేళ్ళు మా కాలేజీ కంప్యూటర్ గదిలో కూర్చుని కొట్టాను. ముక్కల గురించి అన్ని పేజీలు రాశావు, నా గురించి ఒక్క ముక్క రాయడానికి చోటు దొరకలేదా?

నాన్న పెద్దకర్మప్పుడు ఆ కార్డుల పెట్టె అడిగావు. "ఓసారి చూసి పంపేస్తాలే" అన్నావు. ఏడ్చి ఏడ్చి ఉన్నాను, కాదనే ఓపిక లేక ఇచ్చేశాను. చూడమని ఇచ్చాను గాని నీదని చెప్పుకోమని ఇవ్వలేదు.

ఇప్పుడు అసలు సంగతి విను. మా గైడు సన్యాల్ సార్ కూడా ఆ సంచిక చూశారు. నా థీసిస్ అంతా ఈ ప్రోగ్రాం మీదే అని నీకు తెలుసు. ఆయన నన్ను పిలిచి, మెల్లగా, "తాహోలే తోమార్ కోన్‌టా?" అన్నారు. అయితే మరి ఇందులో నీదేది, అని. తిట్టినా బాగుండేది. అన్నయ్య రాసిపెట్టింది చెల్లెలు పట్టుకొచ్చిందనుకుంటున్నారు. నేనెంత చెప్పినా అచ్చులో ఉన్న పేరు నీది.

ఆ ప్రోగ్రాం ఎవరిదో సభవాళ్ళకీ, సన్యాల్ సార్‌కీ నువ్వే రాయాలి. వెంటనే రాయాలి.

ఇట్లు,
పేరు నీకు గుర్తుందనే అనుకుంటాను.

*

హైదరాబాదు
30-4-1974

చిరంజీవి గౌరికి అన్నయ్య దీవెనలు.

నీ ఉత్తరం వదిన ముందు చదివింది. "మీ చెల్లెలికి ఉత్తరంలోనే ఇంత నోరుంటే ఎదురుగా ఎంతుంటుందో" అంది. నేను చదివి నవ్వుకున్నాను, తర్వాత బాధపడ్డాను. నాన్న పోయి ఏడాది కాలేదు, అప్పుడే నాదీ నీదీ అని పంపకాలు మొదలెట్టావు.

సంచికలో ఏమని ఉంది? పి. నగరేశ్వరరావు అని ఉంది. ఆ "పి" ఎవరిది? పొట్నూరు వారిది. నువ్వూ పొట్నూరు గౌరివే. రేపు నీకు పెళ్ళయితే ఇంటిపేరు మారిపోతుంది, ఇదైనా నాన్న ఇంటిపేరు మీద నిలిచిపోతుంది కదా అనుకున్నాను. దానికి ఇంత రభస చెయ్యాలా? ఆడపిల్ల పేరు అచ్చులో వేస్తే ఇక్కడ నలుగురూ నాలుగు రకాలుగా అడుగుతారు.

ఇంకో మాట. నీ ప్రోగ్రాం తప్పు. నువ్వు చేసి పెట్టుకున్న లెక్కలకి బాగానే పలికింది. మా కంపెనీ పని పెట్టేసరికి బండారం బయటపడింది. ఒక సిమెంటు ఫ్యాక్టరీకి పెద్ద తొట్టి కడుతున్నాం, దాన్ని మోసే ఇనుప పలకల లెక్క నాకిచ్చారు. చిన్న పలకతో మొదలుపెట్టాను. మీద బరువు పెడితే పలక పైకి లేచిందని వచ్చింది జవాబు! మా పెద్దాయన అందరి ముందూ "ఏం రావుగారూ, మీ పలకకి రెక్కలొచ్చాయా?" అన్నాడు. నీ మూలంగా నవ్వులపాలయ్యాను.

నా వైపు ఏ లోపమూ లేదు. మంచి రోజు చూసుకుని మొదలుపెట్టాను. పలకని ముక్కలు చేసి, ప్రతి ముక్కకీ మూడు మూలలకీ శుభ్రంగా ప్రదక్షిణ క్రమంలో నంబర్లు వేశాను. ఒక్క నంబరు తప్పు పోలేదు. కాబట్టి తప్పు నీ దగ్గరే ఉంది, వెతికి రాయి. పేరు కావాలన్నవాళ్ళు తప్పుకి కూడా బాధ్యత పడాలి.

అమ్మకి నమస్కారాలు. ఎండల్లో తిరక్కు.

నీ అన్నయ్య,
నగరేశ్వరరావు

*

సుభాష్‌పల్లి, ఖరగ్‌పూర్
19-5-1974

అన్నయ్యకు,

నెల కావస్తోంది. ఉలుకూ లేదు, పలుకూ లేదు. రైల్వే సమ్మె కదా, ఉత్తరాలు ఎక్కడికక్కడ ఆగిపోయాయని అమ్మ నిన్ను వెనకేసుకొస్తోంది. ఆగిపోయిన మాట నిజమే. ఇక్కడ స్టేషన్లో అంత పొడుగు ప్లాట్‌ఫాం మీద కుక్కలు తప్ప ఎవరూ లేరు. వర్క్‌షాప్ సైరన్ మోగక ఊరికి పొద్దెక్కినట్టే ఉండడం లేదు. సింహాచలమ్మ మొగుడు ఎర్రయ్య పోలీసులకి దొరక్కుండా ఎక్కడో ఉన్నాడు, ఆవిడ వచ్చి అమ్మ దగ్గర కూర్చుని ఏడుస్తోంది. కానీ నీ నోరు సమ్మె వల్ల మూతపడలేదని నాకు తెలుసు. జవాబు చెప్పాలనుంటే టెలిగ్రాం ఉంది. ఈ ఉత్తరం కలకత్తా వెళ్ళే లారీవాడి చేతికిచ్చి అక్కడ పోస్టు చేయిస్తున్నాను. మనసుంటే దారి ఉంటుంది.

నిన్న ఆ సంచిక మళ్ళీ తీశాను. వ్యాసం చివర ప్రోగ్రాం మొత్తం అచ్చేశారు. అది నా తొమ్మిదో కార్డు నుంచి మొదలైంది. మొదటి ఎనిమిది ఏవీ?

నీకు తెలియదని కాదు, అయినా చెబుతాను. కార్డు మొదటి గడిలో C అని కొడితే ఆ కార్డుని యంత్రం పట్టించుకోదు. అది మనుషుల కోసం రాసిన మాట అని వదిలేస్తుంది. నా మొదటి ఎనిమిది కార్డులూ అవే. మొదటి దాని మీద నా పేరు, ఊరు ఉన్నాయి. తక్కినవాటి మీద ఈ ప్రోగ్రాంని ఎలా వాడాలో ఉంది. యంత్రం చదవదు కాబట్టి తీసేసినా ఎవరికీ తెలియదనుకున్నావా? నాకు తెలుస్తుందిరా అన్నయ్యా! పేరు వెయ్యడం మర్చిపోయావేమోనని ఒక మూల చిన్న ఆశ ఉండేది. మర్చిపోలేదు, చేత్తో పట్టుకుని పీకేశావు.

సన్యాల్ సార్ నా థీసిస్ పక్కన పెట్టేశారు. వానలు తగ్గేలోపు ఇది తేలకపోతే కొత్త విషయం ఎత్తుకోమన్నారు. ఆయన్ని తప్పుపట్టను, ఆయన స్థానంలో ఉంటే నేనూ అంతే అంటాను.

ఈ వారంలో నీ నుంచి మాట రాకపోతే సభకి నేనే రాస్తాను.

గౌరి

*

హైదరాబాదు
29-5-1974

గౌరికి,

గత నెలాఖరునే నీకు వివరంగా జవాబు రాశాను. అది అందకపోతే నా తప్పా? అందకముందే బెదిరింపులు. సభకి రాస్తావా? రాయి. నా ఉద్యోగం ఊడితే వచ్చి ఆ కొట్లోనే కూర్చుని చింతపండు తూస్తాను, నీ కళ్ళు చల్లబడతాయి.

కార్డులు తీసేసిన మాట నిజమే. యంత్రం చదవని కార్డులు ఎందుకని తీసేశాను. ఎక్కడో ఉంటాయి. వాటితో పనేముంది?

నీ ప్రోగ్రాం తప్పు నువ్వు వెతక్కపోయినా మాకు పని ఆగలేదు. చిన్న పలకకి పైకి అన్నచోట కిందకి అని గుర్తు మార్చేసుకున్నాను, సరిపోయింది. పెద్ద పలకకి అది కూడా అక్కర్లేకపోయింది. సగం ముక్కలకి నేను నంబర్లు వేశాను, మిగతా సగం మా ఆఫీసు తిమోతి తన పద్ధతిలో వేశాడు. ఈసారి పలక బుద్ధిగా కిందకే వంగింది. అంకెలు కూడా చూడ్డానికి పొందిగ్గా ఉన్నాయి. పెద్దాయన సంతోషించి డ్రాయింగ్ వేయిస్తున్నాడు, రెండు వారాల్లో ఫ్యాక్టరీకి వెళ్ళిపోతుంది. కాబట్టి ఆ గొడవ తీరింది. నువ్వు కూడా నీ గొడవ చాలించు.

నగరేశ్వరరావు

*

టెలిగ్రాం
ఖరగ్‌పూర్, 7-6-1974

పెద్ద పలక లెక్క తప్పు. డ్రాయింగ్ ఆపు. ఉత్తరం వస్తోంది. గౌరి.

*

సుభాష్‌పల్లి, ఖరగ్‌పూర్
8-6-1974

అన్నయ్యకు,

సమ్మె విరిగాక నీ ఉత్తరాలు రెండూ నిన్న ఒకేసారి వచ్చాయి. ముందు రాసింది చదివి ఒళ్ళు మండింది. రెండోది చదివి భయం వేసింది. చెప్పులు కూడా సరిగ్గా తొడుక్కోకుండా టెలిగ్రాం ఆఫీసుకి పరిగెత్తాను.

నా ప్రోగ్రాంలో తప్పు లేదు. నీ ప్రదక్షిణలో ఉంది తప్పు.

ముక్క మూడు మూలల్నీ గడియారం ముల్లుకి ఎదురు దిక్కులో, అంటే అప్రదక్షిణంగా లెక్కపెట్టాలి. అటు తిరిగితే ముక్క వైశాల్యం ధనం అవుతుంది. నువ్వు తిరిగినట్టు తిరిగితే రుణం అవుతుంది. అలాంటి ముక్క బరువుని మొయ్యదు, ఎదురు తంతుంది. చిన్న పలకలో అన్నీ నువ్వే వేశావు కాబట్టి అన్నీ ఎదురు తన్నాయి, పలక పైకి లేచింది. పెద్దదానిలో తిమోతి తన పద్ధతి అన్నది సరైన పద్ధతే అయ్యుండాలి. అతని ముక్కలు మోస్తున్నాయి, నీవి తంతున్నాయి. రెండూ కొట్టుకుని కొట్టుకుని చివరికి నీకు చూడముచ్చటైన అబద్ధం ఒకటి చెప్పాయి. పైకి లేచిన పలకని చూసి కనీసం నవ్వారు. దీన్ని చూసి ఎవరూ నవ్వరు, కట్టేస్తారు.

ఈ దిక్కు సంగతంతా రెండో కార్డు మీద కొట్టి ఉంది. నా పేరున్న కార్డుతో పాటు దాన్నీ పీకి పారేశావు. చెల్లెలి పేరు తీసేస్తే పోయేదేముంది అనుకున్నావుగా, ఇదీ పోయింది.

నీకు పేరు గురించి బుద్ధొచ్చేదాకా ఈ సంగతి చెప్పకుండా బిగపట్టుకోవచ్చు. అలా చెయ్యాలని ఒక్క నిమిషం అనిపించింది కూడా. ఆ తొట్టి కింద పనిచేసేవాళ్ళకి మన తగువుతో ఏం పని? అందుకని చెప్పేశాను. దీన్ని రాజీ అనుకోకు.

అయినా ఇంజనీరువి, ఇంత చదివావు, నంబర్లకి ప్రదక్షిణం ఏమిటి? అవేమన్నా గుడి చుట్టూ తిరుగుతున్నాయా? ఈ మాట సన్యాల్ సార్‌కి ఏ మొహం పెట్టుకుని చెప్పను?

గౌరి

*

హైదరాబాదు
17-6-1974

చిరంజీవి గౌరికి,

డ్రాయింగ్ ఆపించాను. ఫ్యాక్టరీకి వెళ్ళబోతూ ఉండగా టెలిగ్రాం వచ్చింది. తిమోతి నంబర్లు చూశాను, నువ్వన్నట్టే ఉన్నాయి. పెద్దాయన నా వైపు చూసిన చూపు గురించి రాయను.

ప్రదక్షిణం ఏమిటని ఎగతాళి చేశావు. చెబుతాను. మూలలు ఎటు లెక్కపెట్టినా ఒకటే అనుకున్నాను. ఎటైనా ఒకటే అయినప్పుడు నా చెయ్యి కుడి వైపే తిరుగుతుంది. పోయిన కార్తీకంలో కాసాయి నది ఒడ్డున కుండ భుజాన పెట్టుకుని నాన్న చితి చుట్టూ అప్రదక్షిణంగా, ఎడమ తిప్పు తిరిగింది నేను. వెనక నుంచి కుండకి చిల్లి కొడుతుంటే నీళ్ళు వీపు మీద కారాయి. ఆ తర్వాత నుంచి ఎడమ తిప్పు నా వల్ల కావడం లేదు. కాఫీలో చెంచా కూడా అటు తిప్పను. వదినకి కూడా ఈ సంగతి చెప్పలేదు. ఇప్పుడు నవ్వుతావో ఏడుస్తావో నీ ఇష్టం.

నీ కోరిక ప్రకారం సభకి సవరణ కూడా రాసి ఇచ్చాను. వచ్చే సంచికలో వేస్తారు. "ఈ ప్రోగ్రాం తయారీలో రచయితకు ఆయన సోదరి సహాయపడ్డారు" అని. సన్యాల్ గారికి అదే చూపించు. ఇంతకంటే దిగలేను, నా పరువు కూడా ఉంది.

అన్నయ్య

*

సుభాష్‌పల్లి, ఖరగ్‌పూర్
26-6-1974

అన్నయ్యకు,

సహాయపడ్డారు! ఆ మాట చదివి కంచం ముందు నుంచి లేచిపోయాను. అమ్మ "ఏటే మళ్ళీ, రాసినాడు గదా నీ గురించి" అంది. ఏమని రాశాడో చదివి వినిపించాను. అమ్మ లేచి వెళ్ళి దేవుడి గూట్లోంచి ఆ సంచిక తీసి పాత పేపర్లలో పెట్టింది.

నేను నీకు సహాయపడలేదు. నువ్వు నాది తీసుకున్నావు. ఈ రెండిటికీ ఉన్న తేడా నీకు తెలియక కాదు.

నాన్న సంగతి రాశావు. చదివి ఏడ్చాను, అబద్ధమెందుకు? ఏడ్చాక ఇంకా కోపం వచ్చింది. నాన్న పేరు చెబితే నేను మెత్తబడి నోరు మూసుకుంటానని నీకు తెలుసు. ఆయన నాకు మాత్రం నాన్న కాదా? నువ్వు ఊరు వదిలి వెళ్ళాక ఆయనకి మందులు పోసింది, కొట్టు మూసి ఇంటికి నడిపించుకొచ్చింది నేను. చివరికి ఆయన్ని తీసుకెళ్తుంటే ఆడపిల్లలు రాకూడదని వీధి మలుపులోనే పట్టుకుని ఆపేశారు. నువ్వు వెనక్కి తిరిగి చూశావు, ఒక్క మాట అనలేదు. ఎడమ తిప్పు తిరిగిన బరువైనా నీకు మిగిలింది. నాకు అదీ లేదు, గుమ్మంలో కూర్చుని మీరు తిరిగొచ్చేదాకా చూసిన గుర్తే ఉంది. అక్కడ కూడా నా కార్డు తీసేశారు. ఆ బాధ చూపించి ఇక్కడ కూడా తీసెయ్యాలని చూడకు.

నిన్ను నలుగురిలో అవమానించాలని లేదు. ఆ ప్రోగ్రాం రాసింది పొట్నూరు గౌరి అని, నీ నోటితో, నువ్వే చెప్పాలి. సహాయం గిహాయం లేకుండా చెప్పాలి. అది చేసేదాకా నీకు రాయడానికి నా దగ్గర ఇంకేమీ లేదు.

గౌరి

*

హైదరాబాదు
24-7-1974

గౌరికి,

నువ్వు రాయనన్నావు కాబట్టి జవాబు ఆశించకుండా రాస్తున్నాను.

ఆ సవరణ వెనక్కి తీసుకున్నాను. పోయిన వారం సభలో లేచి నిలబడి, పోయినసారి వ్యాసంలో నాదని చెప్పుకున్న ప్రోగ్రాం ఖరగ్‌పూర్‌లో పరిశోధన చేస్తున్న పొట్నూరు గౌరిది, నాది కాదు అని చెప్పాను. ఎవరో వెనక నుంచి "ఎవరండీ ఆవిడ?" అన్నారు. నా చెల్లెలు అన్నాను. నవ్వారు. నవ్వనీ అని కూర్చున్నాను. మా పెద్దాయన నన్ను ఆ తొట్టి పని నుంచి తప్పించాడు. వదిన రెండు రోజుల తర్వాత తనంతట తనే "ముందే చెప్పి ఉంటే పోయేది కదా" అంది. సన్యాల్ గారికి రిజిస్టర్డ్ పోస్టులో రాశాను.

తప్పించేముందు పెద్ద పలకకి నా సగం ముక్కలకి నంబర్లు మళ్ళీ నేనే వేశాను, నువ్వు చెప్పిన దిక్కులో. ప్రతి ముక్కకీ మూడో మూల దగ్గర చెయ్యి ఆగిపోయేది. ఆగి ఆగి వేశాను. లెక్క సరిగ్గా వచ్చింది. పాత లెక్క ప్రకారం కట్టి ఉంటే ఆ పలక నిలిచేది కాదు.

నీ కార్డుల పెట్టె రైల్వే పార్సెల్‌లో పంపుతున్నాను. పీకేసిన ఎనిమిది దొరకలేదు, నీ దగ్గర ప్రతి ఉంటుంది. అయినా మొదటి రెండూ నాకు గుర్తున్నంతలో మళ్ళీ కొట్టి పెట్టాను. వాటి తర్వాత ఒకటి నేను కలిపాను. నచ్చకపోతే తీసెయ్, యంత్రానికి తెలియదు.

అన్నయ్య

*

పోస్టు కార్డు
సుభాష్‌పల్లి, ఖరగ్‌పూర్
9-8-1974

అన్నయ్యకు,

పెట్టె అందింది. నువ్వు కలిపిన కార్డు చదివాను. "పై కార్డులు తీసేసినది పి. నగరేశ్వరరావు" అని కొట్టావు. సన్యాల్ సార్ నీ ఉత్తరం చదివి నా థీసిస్ మళ్ళీ బల్ల మీదకి తెచ్చారు. పెట్టె తెరిచి ఆ కార్డు చూసి ఇదేమిటన్నారు. వాడే విధానంలో భాగం అన్నాను. దాన్ని తియ్యను, అది అక్కడే ఉంటుంది.

కోపం పోయిందని రాయలేను, పోలేదు. కార్తీకంలో సంవత్సరీకానికి వస్తావు కదా. కాసాయి ఒడ్డుకి ఈసారి నేనూ వస్తున్నాను, అమ్మకి చెప్పేశాను. పురోహితుడు పిండాల చుట్టూ నీళ్ళు ఎడమ తిప్పు తిప్పమన్నప్పుడు నీ చెయ్యి ఆగుతుంది. పక్కనే ఉంటాను. ఎటు తిప్పాలో చెబుతాను.

పొట్నూరు గౌరి